దిగే పాట, ఎక్కే పాట

రికార్డింగు పని నేర్చుకుంటామని వచ్చేవాళ్ళు నన్ను మొదట అడిగేది మిషన్ల గురించే. ఏ మైకు కొనాలి, ఏ సాఫ్ట్‌వేర్ మంచిది, గోడలకి ఏం అంటించాలి. వాటికి జవాబులు ఫోనులో దొరుకుతాయి. నాకంటే ఓపిగ్గా చెప్పేవాళ్ళు అక్కడ బోలెడుమంది ఉన్నారు. నేను చెప్పగలిగింది వేరే ఉంది. విజయవాడ వన్ టౌన్‌లో కింద తాళ్ళూ టార్పాలిన్లూ అమ్మే దుకాణం, పైన మా స్టూడియో ఉన్న ఒక పాత మేడలో, కిటికీలు లేని గదిలో ముప్పై ఏళ్ళకి పైగా కూర్చున్నాను. భక్తి పాటలు, ఎన్నికల పాటలు, చర్చి పాటలు, హరికథలు, పురుగుమందుల ప్రకటనలు అన్నీ ఆ గదిలోనే పట్టాను. జీతం ఎప్పుడు పెరిగింది, ఎవరు శాలువా కప్పారు అన్నవి ఇక్కడ రాయను. కప్పిన శాలువాలు రెండే. ఒకటి మా ఇంట్లో ఇస్త్రీ బల్ల మీద ఉంది, రెండోది కనపడటం లేదు.

రాయబోయేదానిలో ఎక్కువ భాగం ఒక ఆల్బం గురించి. పొలం పాటల్నీ హార్డ్ రాక్‌నీ కలిపి చేసిన ఆల్బం అది. మీలో కొందరు వినే ఉంటారు. అందులో మొదటి పాటలో ఒక తప్పు ఉంది. ఆ తప్పు నాది. దాన్ని ఇక దిద్దడానికి లేదు.

ఖాళీ గది నిమిషం

నాకు పని నేర్పినాయన సూర్యనారాయణ గారు, ఆ స్టూడియో యజమాని. చండశాసనుడు. చెప్పులు గుమ్మం బయట వదలకపోతే ఆ రోజు పని ఉండేది కాదు. పాడేవాళ్ళు వచ్చి కూర్చున్నాక, మైకులు సరిచేశాక, ఆయన అందర్నీ ఊరుకోమని చెప్పి ఒక నిమిషంపాటు ఏమీ లేని గదిని రికార్డు చేయించేవారు. ఎవరూ కదలకూడదు. అప్పట్లో టేపు ఖరీదైన వస్తువు. ఏమీ లేనిదాని మీద అంత టేపు తగలేయడం నాకు పిచ్చిపనిగా కనిపించేది.

"ఏమీ లేనిదంటూ ఉండదోయ్ మూర్తీ" అనేవారాయన. "గది ఉంటుంది. నువ్వు ఎక్కడైనా ముక్క కోసినప్పుడు ఆ సందులో పెట్టడానికి ఈ గదే కావాలి. వట్టి టేపు పెట్టావంటే వినేవాడికి గుండె ఆగినట్టుంటుంది."

నిజమే. కింద తోపుడుబండ్ల చప్పుడు గోడల్లోంచి లీలగా వచ్చేది, ఫ్యాను ఆపిన తర్వాత కూడా దాని ఇనుము కాసేపు చిటచిటలాడేది. కూర్చున్నవాళ్ళ ఒంటి వల్ల కూడా గది మారేది. ఇద్దరున్న గదికీ నలుగురున్న గదికీ నిశ్శబ్దం ఒకటి కాదు. కళ్ళు మూసుకుని ఆ నిమిషం విని గదిలో ఎంతమంది ఉన్నారో చెప్పడం కొన్నేళ్ళకి నాకూ వచ్చింది. ఒకటి రెండుసార్లు మాత్రం లెక్క ఒకటి ఎక్కువ వచ్చింది. నా చెవి ఇంకా పండలేదనుకుని ఊరుకున్నాను.

ఊపిరి ముక్కలు

నా మొదటి పెద్ద తప్పు ఒక హరికథ దాసుగారితో జరిగింది. ఆయనకి ఆయాసం. ప్రతి పద్యానికీ ముందు గట్టిగా ఊపిరి పీల్చేవారు. మైకు దాన్ని పాము బుసలా పట్టింది. నేను అప్పుడప్పుడే బ్లేడుతో టేపు కోయడం నేర్చుకున్నాను, చేతులు దురదగా ఉన్నాయి. యజమాని ఊళ్ళో లేరు. రెండు రోజులు కూర్చుని ఆ కథ మొత్తంలో దాసుగారి ఊపిరి అన్నదే లేకుండా కోసిపారేశాను. కథ నీటుగా తయారైంది. నాకు నేనే వీపు తట్టుకున్నాను.

దాసుగారు, ఆయన భార్యా వచ్చి విన్నారు. పది నిమిషాలకి ఆవిడ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని బయటికి వెళ్ళిపోయింది. దాసుగారు చివరిదాకా విని, ఇందులో నేను బతికే ఉన్నానా నాయనా అని అడిగారు. వేళాకోళంగా అడగలేదు, నిజంగా తెలుసుకోవాలనే అడిగారు.

సూర్యనారాయణ గారు ఊరి నుంచి వచ్చి సంగతి విన్నారు. చెత్తబుట్టలో నేను పారేసిన టేపు ముక్కలు, ఒక్కొక్కటీ జానెడు జానెడు ఉన్నవి, అన్నీ ఏరారు. మధ్యాహ్నమంతా కూర్చుని ఒకదానికొకటి అతికించారు. తర్వాత నన్ను కుర్చీలో కూర్చోబెట్టి తలుపు వేసి ఆ టేపు పెట్టారు. నాలుగైదు నిమిషాలు. మాట లేదు, పాట లేదు. ఒక మనిషి ఊపిరి పీలుస్తున్నాడు, మళ్ళీ పీలుస్తున్నాడు, ఒక్కసారి కూడా వదలడం లేదు. పీల్చిందంతా ఎక్కడికి పోతోందో తెలియదు. సగంలో నేను లేవబోతే ఆయన భుజం మీద చెయ్యి వేసి కూర్చోబెట్టారు.

మిషను ఆపాక ఒకటే చెప్పారు. నీకు అక్కర్లేదని పారేసేది ఎవరిదో ముందు అడుగు అని. నేను బుద్ధిగా తలూపాను. అడగడం మాత్రం నేర్చుకోలేదని చాలా ఏళ్ళ తర్వాత తేలింది.

బురదకాళ్ళు

సూర్యనారాయణ గారు పోయాక స్టూడియో నేనే చూసుకున్నాను. టేపులు పోయాయి, కంప్యూటరు వచ్చింది. క్యాసెట్లు కొనేవాళ్ళు పోయారు, ఇంట్లోనే రికార్డు చేసుకునేవాళ్ళు వచ్చారు. పని పల్చబడింది. ఇంకో రెండేళ్ళు చేసి మానేద్దాం అనుకుంటున్న రోజుల్లో కింది దుకాణం వాళ్ళ ఇమ్రాన్ పైకి వచ్చాడు.

ఇమ్రాన్‌కి ముప్పై ఏళ్ళుంటాయి. పగలు తండ్రితోపాటు తాళ్ళు కొలిచి అమ్ముతాడు, మిగతా సమయం గిటారు వాయిస్తాడు. వాడి చేతుల్లో ఆ గిటారు లారీ ఇంజనులా మోగేది. వాడి స్నేహితుడు ప్రదీప్‌ది కొండపల్లి, అక్కడ పవర్ స్టేషనులో కాంట్రాక్టు పని. డ్రమ్ములు వాయిస్తాడు. అంత శబ్దంలో షిఫ్టు చేసి వచ్చి మళ్ళీ ఇంత శబ్దం ఎలా చేస్తావురా అంటే, అక్కడిది నా చేతిలో లేదు, ఇక్కడిది ఉంది అనేవాడు.

ఇమ్రాన్ తన ఆలోచన చెప్పాడు. అమెరికాలో పొలాల వైపు వాళ్ళ పాటల్ని కంట్రీ మ్యూజిక్ అంటారు, దానికి హార్డ్ రాక్ కలిపి ఆల్బములు చేస్తారు. మనమూ వాళ్ళ కౌబాయ్ పాటలే పట్టుకుని వేలాడటం ఎందుకు, మనకి నాట్ల పాటలు లేవా అన్నాడు. ఆల్బం పేరు కూడా పెట్టేసుకుని వచ్చాడు, 'బురదకాళ్ళు' అని. నాకు నచ్చింది. హార్డ్ రాక్ అంటే నాకు తలనొప్పి, అయినా ఎన్నికల పాటలకంటే నయమనుకున్నాను. ఇది నా ఆఖరి పని అవుతుందని కూడా అనిపించింది. ఆఖరి పని గొప్పగా ఉండాలన్న ఆశ మనిషి చేత చాలా చేయిస్తుంది.

ఐదో చోటు

పామర్రు దగ్గర ఒక ఊళ్ళో ఇంకా చేత్తో నాట్లు వేసే ముఠా ఒకటి ఉందని తెలిసి అక్కడికి వెళ్ళాం. ఇప్పుడు చాలాచోట్ల వడ్లు వెదజల్లేస్తున్నారు, లేదా మిషను దింపుతున్నారు. ఈ ముఠా పెద్ద కోటమ్మ. యాభై దాటిన మనిషి, సన్నగా, గట్టిగా ఉంటుంది. పాట అడిగేదీ ఆవిడే, పని నడిపేదీ ఆవిడే.

వాళ్ళ పాట తీరు ఇది. పొద్దున్న చేలో దిగగానే కోటమ్మ, గట్టు దిగిందెవరే అమ్మా అని అడుగుతుంది. వరసలో మొదటి మనిషి, దిగింది నేనే అక్కా అని పలుకుతుంది. మళ్ళీ అడుగుతుంది, రెండో మనిషి పలుకుతుంది. అలా వరసంతా. సాయంత్రం ఇంకో పాట. అప్పుడు కోటమ్మ ఒక్కొక్కళ్ళనీ పేరుతో పిలిచి గట్టెక్కమంటుంది. పిలిచినవాళ్ళు ఎక్కుతారు. మొదటిది దిగే పాట, రెండోది ఎక్కే పాట.

వాళ్ళు వరసలో నిలబడ్డారు. నాలుగో మనిషికీ తర్వాతి మనిషికీ మధ్య ఒక మనిషి పట్టేంత ఖాళీ ఉంది. నాట్లు వేసేవాళ్ళు వెనక్కి నడుస్తూ వేస్తారు కదా, అందరూ వెనక్కి అడుగు వేసినప్పుడల్లా ఆ ఖాళీ కూడా వాళ్ళతోపాటు వెనక్కి వచ్చేది. ఇరుగుపొరుగు వాళ్ళు చేతులు చాచి ఆ మేర నాటుతున్నారుగానీ ఎవరూ అందులో కాలు పెట్టడం లేదు. ఎర్రటి ఎండలో, అందరూ మాట్లాడుకుంటూ నవ్వుకుంటూ ఉండగా, నాకు చూపు మాటిమాటికీ అక్కడికే పోయింది.

అది ధనలక్ష్మి చోటు. కోటమ్మకి చెల్లెలు, పదిహేనేళ్ళు చిన్నది. తల్లి పోతే కోటమ్మే ఎత్తుకు పెంచింది. రెండేళ్ళ క్రితం నాట్లలో, సాయంత్రం అందరూ గట్టెక్కేశాక, అన్నం క్యారేజీ మర్చిపోయానని ధనలక్ష్మి మళ్ళీ చేలో దిగింది. పాము కరిచింది. వాళ్ళ ముఠాలో పద్ధతి ఏమిటంటే, అలా పోయిన మనిషి చోటు మూడు నాట్లదాకా ఖాళీగా ఉంచుతారు. పొద్దున్న ఆ చోటుకి కూడా పాట అడుగుతారు. సాయంత్రం మాత్రం పేరు పెట్టి పిలవరు. మూడో ఏడాది నాట్లు ముగిసే రోజు సాయంత్రం ఒకే ఒక్కసారి పేరుతో పిలిచి గట్టెక్కిస్తారు. ఆ తర్వాత ఆ చోట కొత్త మనిషి నిలబడుతుంది. మేము వెళ్ళింది రెండో ఏడాది.

"ఆ చోటు దానిదేనండి బాబు" అంది కోటమ్మ. "నేనడుగుతా. అది పలకదు. అది పలికేంత సేపూ ఆగుతాం. అక్కడ ఇంకెవరూ నోరెత్తకూడదు. మీ వాయిజ్యం కూడా. ఆ మాటిస్తేనే పాడతాం."

ఇచ్చాం. ముందు నేనే ఇచ్చాను. పాట ఎలా ఉంటుందో చూపించడానికి, మిగతావాళ్ళు పలికే జవాబు చరణం కూడా కోటమ్మ ఒకసారి తనే పాడి వినిపించింది. అదీ రికార్డు అయింది.

తర్వాత అసలు పాట పట్టాను. నాలుగు మైకులు, బ్యాటరీతో నడిచే చిన్న రికార్డరు. ఎవరు పలుకుతుంటే వాళ్ళ వైపు మైకు పెంచుతూ మిగతావి తగ్గించడం నాకు అలవాటు. ఐదోసారి కోటమ్మ అడిగింది. ఎవరూ పలకలేదు. పలికేవాళ్ళు లేరు కాబట్టి నా చెయ్యి దానంతటదే నాలుగు మైకుల శబ్దమూ పూర్తిగా దించేసింది. అది ఒక తప్పు. రెండోది అంతకంటే చిన్నదిగా కనిపించింది. సామాను సర్దుతుంటే కోటమ్మ, సాయంత్రం ఎక్కే పాట కూడా ఉంటుంది, ఉండి పట్టుకెళ్ళండి అంది. ఇది చాల్లేమ్మా అన్నాను. నిజం చెప్పాలంటే నాకు ఆకలేస్తోంది. పామర్రులో భోజనం హోటలు మూసేస్తారని తొందర.

నేను చేసిన గొంతు

స్టూడియోలో గిటారు కలిపితే పాటకి రెక్కలొచ్చాయి. ఇమ్రాన్ మెల్లగా మొదలుపెట్టి, ఒక్కొక్క మనిషి పలికినప్పుడల్లా ఒక్కొక్క పొర పెంచుకుంటూ పోయాడు. ఐదో ప్రశ్న దగ్గరికి వచ్చేసరికి మాత్రం గొయ్యి. అక్కడ ప్రదీప్ చేతులు ఆడలేదు. లెక్కపెట్టుకుని మళ్ళీ అందుకోమంటే ప్రతిసారీ ఒక్కో చోట పడేవాడు. పవర్ స్టేషను గడియారంలాంటి వాడు, అలా తప్పడం నేను చూడలేదు. అక్కడ లెక్క నిలవడం లేదు సార్, ఎవరో లెక్క చెరిపేస్తున్నట్టుంది అన్నాడు.

నాకు విసుగొచ్చింది. నాకు వదిలేయండి అన్నాను. మాటిచ్చాం కదా సార్ అని ఇమ్రాన్ అంటూనే ఉన్నాడు. వినేవాడికి మన మాటలు తెలియవురా అని వాణ్ణి కిందికి పంపించేశాను. ఆ వాక్యం ఇప్పుడు రాయడానికి కూడా సిగ్గుగా ఉంది.

కోటమ్మ చూపించడానికి పాడిన ఆ ఒక్క చరణం తీసుకున్నాను. శ్రుతి కొంచెం పెంచాను. గొంతు గుర్తుపట్టకుండా లోపల కొన్ని మార్పులు చేశాను. కొంచెం దూరంగా జరిపాను. గంటలో ఒక కొత్త ఆడమనిషి గొంతు తయారైంది. ముప్పై, ముప్పై రెండేళ్ళ మనిషి, కొంచెం నవ్వు దాచుకుని పాడుతున్నట్టు ఉంది. దాన్ని ఐదో చోట పెట్టాను. గట్టు దిగిందెవరే అమ్మా. దిగింది నేనే అక్కా. అతుకు ఎక్కడా తెలియలేదు. ప్రదీప్ మొదటిసారికే సరిగ్గా వాయించేశాడు.

నా పనితనం నాకు ముచ్చటేసింది. అయినా ఒకటి గమనించాను. ఆ పాట మళ్ళీ విందామని పెట్టినప్పుడల్లా, ఆ చరణం అవగానే నేను మిషను ఆపేస్తున్నాను. తర్వాతి ప్రశ్న రానివ్వడం లేదు. ఆ గొంతు తర్వాత గదిలో ఉండే నిశ్శబ్దం నాకు ముప్పై ఏళ్ళుగా తెలిసిన గది నిశ్శబ్దంలా లేదు. లెక్క ఒకటి ఎక్కువ వస్తోంది.

పాట తయారైంది, విని ఒప్పుకుంటే విడుదల చేస్తామని కబురు పెట్టాం. నాట్లు ఇంకా నడుస్తున్నాయి. ఒక రోజు పని మానుకుని కోటమ్మ బస్సులో వచ్చింది. ముందే చెప్పేద్దామని ఇమ్రాన్ నా మొహం చూశాడు. ఆవిడకేం తెలుస్తుందిలే అన్నట్టు నేను హెడ్‌ఫోన్లు ఇచ్చేశాను.

గోడ వైపు చూస్తూ వింది. నాలుగు జవాబులూ అయ్యాయి. ఐదోది వచ్చింది. ఆవిడ మొహంలో ఏమీ మారలేదు. హెడ్‌ఫోన్లు రెండు చేతులతో తీసి, నిద్రపోతున్న పిల్లని దించినట్టు బల్ల మీద పెట్టింది.

"మా ధనం మీకెక్కడ దొరికింది బాబూ?"

అప్పుడు చెప్పాను. అది మీ గొంతేనమ్మా, మీరు పాడి చూపించిందే, మిషనుతో మార్చాను అని. విన్నది కానీ ఒప్పుకోలేదు.

"నా గొంతు నాకు తెలీదా? నేనెత్తుకు పెంచిన పిల్ల గొంతు తెలీదా?" అంది. మళ్ళీ అడిగింది. "మా వరసలోంచి తెచ్చి దీంట్లో నిలబెట్టారు. దీంట్లో దానికి పక్కనెవరున్నారు?"

అక్కచెల్లెళ్ళ గొంతులు ఒకేలా ఉండటంలో వింతేమీ లేదు. శ్రుతి పెంచితే అక్క గొంతు చెల్లెలి గొంతుకి దగ్గరవుతుంది. ఆ మాట ఆవిడతోనూ అన్నాను, తర్వాత చాలాసార్లు నాతో నేనూ అనుకున్నాను. ఆ రోజు మాత్రం ఆవిడ అలా అడిగినప్పుడు నా పక్క ఖాళీగా ఉన్న కుర్చీ వైపు చూశాను. అది చూసి ఆవిడ కూడా అటు చూసింది.

ఆవిడ ఎదుటే ఆ గొంతు చెరిపేశాను. పూర్తిగా పోయిందో లేదో రెండుసార్లు అడిగి, పోయిందని చెప్పాకే లేచింది.

చేలో నిశ్శబ్దం

ఇప్పుడు ఐదో చోట ఏమీ లేదు. ఏమీ లేదంటే నిజంగానే ఏమీ లేదు, మైకులు నేనే దించేశాను కదా. పాట అక్కడికి రాగానే చెవిలో నీళ్ళు పోయినట్టుందని ఇమ్రాన్ అన్నాడు. వట్టి టేపు పెడితే గుండె ఆగినట్టుంటుందన్న సూర్యనారాయణ గారి మాట ముప్పై ఏళ్ళ తర్వాత మళ్ళీ నన్ను పట్టుకుంది. ఆ చేలో ఆ నిశ్శబ్దాన్ని మళ్ళీ పట్టుకోవాలి. నాలుగు రోజుల తర్వాత, నాట్లు ముగిసేలోపు, మళ్ళీ వెళ్ళాం. కోటమ్మ రానిస్తుందో లేదో అని భయపడ్డాను. రానిచ్చింది. ఈసారి మైకు ఆ చోటు వైపు తిప్పి పెట్టమని ఆవిడే చెప్పింది.

ఒకే మైకు, వెదురు గెడకి కట్టి, నీళ్ళకి జానెడు పైన. నేను గట్టు మీద హెడ్‌ఫోన్లు పెట్టుకుని కూర్చున్నాను. పది, పదిన్నర అయి ఉంటుంది. దిగే పాట మళ్ళీ మొదటి నుంచి పాడారు. ఐదోసారి కోటమ్మ అడిగింది.

ఎవరూ పలకలేదు. నా చేతులు ఒళ్ళో పెట్టుకున్నాను. దూరంగా బోరు మోటారు, కొంగలు, నీళ్ళల్లో కాళ్ళు. వీటన్నిటికీ ముందు, మైకుకి చాలా దగ్గరగా, నారు నాటే చప్పుడు వినిపించింది. వేళ్ళు బురదలోకి దిగి పైకి వచ్చే చప్పుడు. ఒకటి, రెండు, మూడు, నాలుగు. తొందర లేకుండా, పని తెలిసిన చేతి చప్పుడు.

ఇరుగుపొరుగువాళ్ళు చేతులు చాచి నాటుతున్నారనుకున్నాను. తలెత్తి చూశాను. ఆ ఇద్దరూ నడుములు ఎత్తి నిలబడి నారు కట్టలు విప్పుకుంటున్నారు. వాళ్ళ చేతులు నీళ్ళల్లో లేవు. ఐదు, ఆరు. నా వీపు మీద ఎండ చురుక్కుమంటూనే ఉంది. కోటమ్మ ఆరో ప్రశ్న అడిగింది, ఆ చప్పుడు ఆగింది.

నీళ్ళల్లో శబ్దం ఎక్కడిది ఎక్కడికో పోతుంది. పది బారల అవతలి చప్పుడు చెవి పక్కనే వినిపించవచ్చు. చదువుకున్నవాడిగా నాకు ఆ సంగతి తెలుసు. అందుకే ఆ రోజు ఎవరితోనూ అనలేదు. హెడ్‌ఫోన్లు తీసి కోటమ్మకి ఇచ్చి, వెనక్కి తిప్పి వినిపించాను. బురద చేతులు చీరకి తుడుచుకుని వింది. ఆవిడ కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి, మొహం మాత్రం తేటపడింది.

"పని చేసుకుంటంది. చేసుకోనివ్వండి" అంది.

ఈసారి కూడా ఆవిడ సాయంత్రం దాకా ఉండమని అంది. ఈసారి కూడా కావలసింది దొరికింది కదా అని పన్నెండు కొట్టకముందే మైకు విప్పేశాను.

పాట అలాగే బయటికి వెళ్ళింది. ఐదో ప్రశ్న దగ్గర గిటార్లూ డ్రమ్ములూ ఒక్కసారి ఆగిపోతాయి. ఆరు చిన్న చప్పుళ్ళు. తర్వాత అన్నీ ఒక్కసారిగా విరుచుకుపడతాయి. ప్రదీప్ ఇక ఎప్పుడూ లెక్క తప్పలేదు. ఆ చప్పుళ్ళే వాడికి తాళం. ఆ ఆల్బములో అందరికీ నచ్చింది కూడా ఆ నిశ్శబ్దమే. విజయవాడలో ఒక కాలేజీ మైదానంలో వీళ్ళు వాయిస్తుంటే చూశాను. గంతులేస్తున్న వందలమంది పిల్లలు అక్కడికి వచ్చేసరికి ఎవరూ చెప్పకుండానే కదలకుండా నిలబడిపోయారు. నా ఆఖరి పని గొప్పదే అయిందని పొంగిపోయాను. ఆ ఎండాకాలంలో స్టూడియో తాళం మేడ యజమానికి ఇచ్చేశాను.

సాయంత్రం

మూడో ఏడాది నాట్ల ఆఖర్లో ఇమ్రాన్ ఫోను చేశాడు. రేపు సాయంత్రం ధనలక్ష్మిని గట్టెక్కిస్తారట, కోటమ్మ గారు మిమ్మల్ని మైకు తీసుకుని రమ్మన్నారు సార్ అన్నాడు. నేను పని మానేశాను కదరా, ఆల్బం ఎప్పుడో వచ్చేసింది, ఇప్పుడు ఆ పాట ఏం చేసుకుంటాం అన్నాను. మోకాళ్ళ నొప్పి అని కూడా అన్నాను. వాడు అప్పటికి తండ్రి ఒంట్లో బాగోక దుకాణం వదిలి వెళ్ళే వీలు లేకుండా ఉన్నాడు. ఎవరమూ వెళ్ళలేదు.

నెల దాటాక ఒక పొద్దున్న వన్ టౌన్‌లో పని ఉండి వెళ్ళి, ఇమ్రాన్ దుకాణంలో టీ తాగుతున్నాను. కోటమ్మ వచ్చింది. పశువుల పాకకి టార్పాలిన్ కావాలట. మనిషి తేలిగ్గా కనిపించింది. ధనాన్ని ఎక్కించేశామండి, పేరెట్టి పిలిచాను, ఆ చోట మా కోడలు నిలబడింది అని చెప్పింది. మంచిదమ్మా అన్నాను. ఇమ్రాన్ టార్పాలిన్ మడతపెడుతూ, ఆవిడ సంతోషిస్తుందని దుకాణం స్పీకరులో ఆ పాట పెట్టాడు.

వీధిలో తోపుడుబండ్లు, ఆటోలు. నాలుగు జవాబులు అయ్యాయి. కోటమ్మ గొంతు ఐదోసారి అడిగింది. దుకాణంలో ఆ ఆరు చప్పుళ్ళు వినిపించాయి. వేళ్ళు దిగడం, పైకి రావడం. ఇమ్రాన్ అందించిన టార్పాలిన్ కోటమ్మ చేతిలో అలాగే ఉంది.

"ఇక్కడ ఇంకా నాటుతానే ఉందే" అంది.

నేను గబగబా చెప్పాను. నా దగ్గరున్న పాటలో ఆ చోటు మూసేస్తానమ్మా అని. ఇది ఎంతమంది ఫోన్లలో ఉందని ఆవిడ అడిగింది. వేలల్లో ఉంటుందండి అన్నాడు ఇమ్రాన్. అయితే ఎక్కే పాట ఇంకొక్కసారి పాడండి, రేపే వచ్చి పట్టుకుంటాను, దీని చివర కలుపుతాను అన్నాను. నా గొంతు నాకే బతిమాలుతున్నట్టు వినిపించింది.

"ఒక్కసారే పిలవాలండి. ఎక్కినదాన్ని మళ్ళీ పిలిస్తే, మళ్ళీ దిగమన్నట్టే గదా." కోపంగా అనలేదు. నాకు తెలియని పని నాకు నేర్పుతున్నట్టు అంది. "రెండుసార్లు ఉండమన్నాను మిమ్మల్ని. మూడోసారి కబురెట్టాను."



ఆవిడ టార్పాలిన్ చంకలో పెట్టుకుని మెట్లు దిగింది. వీధిలో నిలబడి, స్పీకరు వైపు కాదు, నా వైపే చూసి అడిగింది. "ఎప్పటిదాకా నాటాల బాబూ అది?"

చేలో ఐదో చోటు దగ్గర ఎంతసేపు ఆగుతుందో అంతసేపు ఆగింది. తర్వాత పామర్రు బస్సుకి టైమైందని వెళ్ళిపోయింది.

ఈ పనిలోకి వచ్చేవాళ్ళకి నేను చెప్పేది ఇంతే. మైకు ఏదైనా ఫరవాలేదు, గది ఎలాంటిదైనా ఫరవాలేదు. ఎవరి దగ్గరికైనా వెళ్ళి పొద్దున్న పాట పట్టుకుంటే, సామాను కట్టేముందు ఇంకేమైనా ఉందా అని అడగండి. ఉందంటే ఆకలిని ఆపుకోండి. సాయంత్రం దాకా ఉండండి.